పొరకలతో కట్టిన గూడు

ఈ సంగతి నేను నోటితో చాలాసార్లు చెప్పాను. బస్సులో పక్కన కూర్చున్నవాళ్లకు చెప్పాను, గుడిలో ప్రసాదం పంచుతూ చెప్పాను. మా అల్లుడికి ఎన్నిసార్లు చెప్పానో నాకే గుర్తులేదు. పాపం, ప్రతిసారీ మొదటిసారి విన్నట్టే విన్నాడు. రాయడం మాత్రం ఇప్పుడే. ఇంతకుముందు రాయకపోవడానికి పెద్ద కారణమేమీ లేదు. అప్పట్లో నాకు అక్షరాలు రావు.

మా ఊళ్లో నా ఈడు ఆడపిల్లల ఒళ్లోకి పలక కంటే ముందు చాట వచ్చింది. చాటలో తునికాకు, తంబాకు, దారపు ఉండ. బడి గంట కొట్టే వేళకు మేము బీడీల మీద ఉండేవాళ్లం. పెళ్లయ్యాక కూడా అదే పని, బిడ్డ పుట్టాక కూడా అదే పని. ఆ బిడ్డ చదువుకుని, స్టూడెంటుగా న్యూజిలాండ్ వచ్చి, ఇక్కడే సెటిల్ అయి, తనకు పాప పుట్టినప్పుడు నన్ను ఆక్లండ్‌లోని హెండర్సన్‌కు పిలిపించుకుంది. సూట్‌కేసులో చీరల మధ్య నా చాట కూడా వచ్చింది. "ఇక్కడ దాంతో ఏం చేస్తవమ్మా?" అని నా బిడ్డ నవ్వింది. ఏం చేశానో ముందుముందు చెప్తాను.

అక్షరాలు నేర్చుకున్నది పని మానేశాక. ఇక్కడ పుట్టిన పిల్లలకు ఆదివారం పూట తెలుగు చెప్పే క్లాసు ఒకటి ఉంది. మనవరాలిని తీసుకెళ్లి వెనక బెంచీలో కూర్చునేదాన్ని. అది గుణింతాల దగ్గర విసిగిపోయి, "అమ్మమ్మా, దిస్ ఈజ్ టూ మచ్" అని స్విమ్మింగుకు మారిపోయింది. నేను మారలేదు. నాకు ఈత రాదు కదా. అలా మిగిలిపోయి నేర్చుకున్నాను. ఇప్పుడు రాస్తున్నాను. ఎక్కడైనా దీర్ఘం తప్పితే మీరే సర్దుకోండి.

నేను పనిచేసిన చోటు హెండర్సన్‌లో రైలు పట్టాల అవతల, కార్లు బాగుచేసే గ్యారేజీల మధ్య ఒక పెద్ద రేకుల షెడ్డు. మ్యూజియాలకు, పిల్లల పార్కులకు బొమ్మలు చేసేవాళ్లు. ఆడుకునేవి కావు. అది నిజం పక్షే, అది నిజం చెట్టే అని చూసినవాళ్లు దగ్గరికి వచ్చి వేలితో తాకి చూడాలి. అలాంటి పని.

అందులో ఉన్నది నలుగురం. మా యజమాని పొడుగు మనిషి, చలికాలంలో కూడా నిక్కరు, మోకాళ్ల దాకా గంబూట్లు. రంగులు వేసే ఆమెది సమోవా దీవులు. ఆమె నవ్విందంటే పైన రేకులు అదిరేవి. కంప్యూటర్‌లో డిజైన్లు గీసేది మన తెలుగమ్మాయే, గోదావరి వైపు పిల్ల. ఇక్కడికి చదువుకోడానికి వచ్చి, చదువు అయ్యాక ఈ షెడ్డులో చేరింది. నాకు రాని ఇంగ్లీషుకూ వాళ్లకు రాని తెలుగుకూ మధ్య ఆ పిల్లే వంతెన. తను నన్ను ఆంటీ అని పిలిచేది. అది విని సమోవా ఆమె కూడా ఆంటీ అంది. చివరికి నాకంటే పెద్దవాడైన యజమాని కూడా ఆంటీ అనడం మొదలుపెట్టాడు. జీతం చీటీ మీద తప్ప ఆ షెడ్డులో నా పేరు ఎక్కడా వినిపించేది కాదు.

ఇక నాలుగో మనిషిని నేను. నాది ఊడ్చే పని.

థర్మాకోల్ పొట్టు, ఈకలు, రంపపు పొట్టు, తీగ ముక్కలు, అన్నీ నావే. యజమాని పొడుగు కర్ర ఉన్న ప్లాస్టిక్ బ్రష్ ఒకటి కొనిచ్చాడు. అది దుమ్మును ఎత్తదు, ఈ మూల నుంచి ఆ మూలకు పంపిస్తుంది. అందుకే ఇండియన్ షాపులో మెత్తటి గడ్డి పొరకలు కొనుక్కొచ్చి పెట్టుకున్నాను. ఒకటి వాడకంలో, రెండు కొత్తవి అలమరలో. అలా వంగి ఊడ్చే నన్ను చూసి యజమానికి నడుము నొప్పి వచ్చేదట. నాకు రాలేదు.

బొమ్మలు చేసే బల్ల దగ్గర ఒక స్టూలు ఖాళీగా ఉండేది. దాని మీద కూర్చునే మనిషి టౌరంగాకు, కివీ పళ్ల తోటల్లో పనికి వెళ్లిపోయాడు. ఊడ్చేటప్పుడు ఆ స్టూలును పక్కకు జరిపి, కింద ఊడ్చి, మళ్లీ దాని చోట పెట్టేదాన్ని. రోజూ. పెట్టే ముందు ఒకసారి దాని మీద చెయ్యి వేసేదాన్ని. ఎందుకో మీకు చెప్పక్కర్లేదు.

ఒకరోజు యజమాని పక్షి బొమ్మ కాళ్లకు దారం చుడుతూ తిట్టుకుంటున్నాడు. కాళ్లు ఇనుప తీగతో చేస్తారు. దాని మీద సన్నటి దారం చుట్టి రంగు వేస్తే నిజం కాలులా ఉంటుంది. ఆయన చుట్టిన దారం ఊడిపోతోంది. నేను పొరక కింద పెట్టి, ఆ తీగ తీసుకుని, బీడీకి చుట్టినట్టు చుట్టి, కొసను గోటితో లోపలికి తోసేశాను. ఆయన లాగి చూశాడు. రాలేదు. ఆ రోజు నుంచి మధ్యాహ్నం పూట కాళ్లు నావయ్యాయి. మర్నాడు ఇంటి నుంచి చాట తెచ్చుకుని, కింద అట్ట పరుచుకుని, ఒళ్లో పెట్టుకుని చుట్టేదాన్ని. స్టూలు మాత్రం రాలేదు.

ఎందుకంటే బల్ల మీదికి వచ్చే ప్రతి పనికీ ఒక కార్డు ఉంటుంది. ముందు ఏ జిగురు, ఎంతసేపు ఆరాలి, తర్వాత ఏ మందు, అన్నీ దాని మీద రాసి ఉంటాయి. యజమాని నా దగ్గర కూర్చుని మెల్లగా చెప్పాడు. గోదావరి పిల్ల దాన్ని ఇంకా మెల్లగా చెప్పింది.

"కార్డు చదవకుండా ఒక మందు బదులు ఇంకోటి పూస్తే ఎలా అంటున్నారు ఆంటీ."

"నువ్వు బొమ్మలు గీసియ్యరాదు బిడ్డా? జిగురు డబ్బా బొమ్మ, ఆరిపోయే బొమ్మ. నేను చూసి చేస్త."

తను చెప్పింది. యజమాని గడ్డం గోక్కుని అన్నాడు: "ఈ చెట్టు ఆర్డరు దాటనీ, చూద్దాం. ఇది వెనక్కి వచ్చిందంటే ఆంటీకి స్టూలు కాదు కదా, మనకు షెడ్డే ఉండదు."

ఆ చెట్టు గురించే ఈ కథంతా.

పిల్లల కోసం కడుతున్న ఒక కొత్త హాలులో, ప్రపంచంలోని రకరకాల పక్షులు ఎక్కడెక్కడ ఎలా ఉంటాయో చూపిస్తారట. మాకు వచ్చిన పక్షిని ఇంగ్లీషులో జెయింట్ రెన్ అంటారు. తెలుగులో దానికి పేరు ఉందో లేదో నాకు తెలియదు. నేనూ గోదావరి పిల్లా పెద్ద పిచ్చుక అనుకున్నాం. పని చెప్పడానికి పామర్‌స్టన్ నార్త్ అనే ఊరి నుంచి ఒక మేడమ్ వచ్చింది. యూనివర్సిటీలో పక్షుల పాఠాలు చెప్పే ఆమె. పొట్టి మనిషి, మాట మాత్రం ఇనుప మొలలా ఉండేది.

అప్పటికే మా యజమాని ఒక డ్రాయింగు సిద్ధం చేయించాడు. అంతా పచ్చదనం. ఫెర్న్ చెట్లు, నాచు, మధ్యలో జలపాతం. వేడి దేశపు పక్షి అనగానే వానలు కురిసే దట్టమైన అడవి అనుకున్నాడు. మా షెడ్డు కిటికీలోంచి కనిపించే కొండలు అలాగే ఉంటాయి మరి. మేడమ్ కళ్లద్దాలు తీసి, తుడుచుకుని, మళ్లీ పెట్టుకుని చూసింది.

"ఈ జలపాతం ఎందుకు?"

"బాగుంటుందని."

"ఆ పక్షికి అక్కర్లేదు. అది ఆవులు మేసే చోట ఉంటుంది."

మెక్సికో దేశంలో దక్షిణాన, సముద్రం పక్కన ఒక సన్నటి మైదానం ఉందట. ఈ పక్షి ఉండేది అక్కడే, ఇంకెక్కడా కనిపించదట. మేడమ్ ఫోటోలు పరిచింది. వీపు ఇటుక రంగు, పొట్ట తెలుపు, కంటి మీదుగా నల్ల గీత, దాని పైన దిద్దినట్టు తెల్లటి కనుబొమ్మ. మగదీ ఆడదీ ఒకటిగానే ఉంటాయి. మా గోరింకంత ఉంటుంది.

"గింతేనా?" అన్నాను నేను. "జెయింటు జెయింటు అంటుంటే నెమలంత ఉంటదనుకున్న."

"దాని చుట్టాలందరూ బొటనవేలంత ఉంటారంట ఆంటీ. అందుకని ఈవిడ జెయింటు."

తర్వాత ఫోటోలు దాని చోటువి. మట్టి రోడ్డు, దుమ్ము, ముళ్ల చెట్లు, అక్కడక్కడ మా ఈత చెట్టులాంటివి. చిగురించి ఆకులు వేసిన కంచె గుంజలు. పశువులు. నాకు నవ్వు ఆగలేదు.

"ఇది మా ఊరి ఎనక బీడు కాదా! ఇంత దూరమొచ్చి తుమ్మచెట్టు చేస్తున్నమా బిడ్డా?"

"మా ఊరి పక్కనయితే బాగుండేది కదాండి. కొబ్బరిచెట్లూ, కాలవలూ..."

"మీ ఊరికి జలపాతం కూడ పెట్టుమని బాస్‌ను అడుగు. ఇప్పుడు ఖాళీగనే ఉన్నది."

మేడమ్ ఇంకో మాట చెప్పింది. ఈ పక్షులు కుటుంబంగా ఉంటాయట. కిందటేడు పిల్లలు పెద్దవైనా వెళ్లిపోకుండా, ఈ ఏటి పిల్లలకు పురుగులు తెచ్చి పెడతాయట. గూడు కట్టడం, కూయడం, రాత్రి పడుకోవడం అన్నీ కలిసే. సమోవా ఆమె బల్ల మీద చరిచి నవ్వింది.

"అంటే మా ఇల్లే! ఆక్లండ్ అద్దెలు చూశాక ఎవడు ఎగిరిపోతాడు?"

అలా చెట్టు మొదలైంది. ఇనుప చట్రం, దాని మీద బెరడు, ముళ్లు. ఐదు పక్షులు, ఒక గూడు. కాళ్లన్నీ నేనే చుట్టాను. గూడు మాత్రం యజమాని స్వయంగా కట్టాడు. సముద్రం ఒడ్డున ఇసుక మీద మొలిచే గడ్డిని కోసుకొచ్చి, వారాల తరబడి ఆరబెట్టి, కోళ్ల దొడ్లకు కట్టే జాలీ, అదే కోడి తీగ, దాని చుట్టూ అల్లాడు. మంచి గుమ్మడికాయంత ఉంది. పక్కన లోపలికి వెళ్లే గుండ్రటి దారి. అది పూర్తయిన రోజు ఆయన దాని చుట్టూ తిరిగిన తీరు చూస్తే, మొదటి బిడ్డను చూసుకునే తండ్రిలా ఉన్నాడు.

రంగు వాసన పోవాలని చెట్టును వెనక ఉన్న పక్కలు లేని షెడ్డులో నిలబెట్టారు. గూడు దారి కంచె వైపు ఉంది, మా వైపు కాదు. అప్పుడు చలి తగ్గి చెట్లు పూత పట్టే కాలం. నేను అన్నం తినేది అక్కడే, ఎండలో. తిన్నాక పిడికెడు బియ్యం పిచ్చుకలకు చల్లేదాన్ని. బీడీలు చేసే రోజుల నుంచి అదో అలవాటు. అరుగు మీద మేము, అరుగు కింద అవి.

"ఆంటీ, ఎలుకలు వస్తాయి" అనేవాడు యజమాని.

"ఎలుకలు రాలేదు బాస్. పిచ్చుకలే వచ్చినయి."

వచ్చాయి, పోయాయి, మళ్లీ వచ్చాయి. రోజురోజుకూ ఎక్కువసార్లు వస్తుంటే నా బియ్యం అంత బాగుందనుకున్నాను.

లారీ వచ్చే రోజు పొద్దున. మధ్యాహ్నం మేడమ్ వచ్చి చూసి, సరే అంటే సాయంత్రానికి చెట్టు లారీ ఎక్కాలి. అందరం వెనక షెడ్డులో ఉన్నాం. సమోవా ఆమె గూటి మీద చివరి పూత, దుమ్ము రంగు, వేద్దామని ఒక పెట్టె ఎక్కింది. బ్రష్ ఆనించిందో లేదో కెవ్వుమంది.

"దీంట్లో ఎవరో ఉన్నారు!"

యజమాని నిచ్చెనేసి చూశాడు. కంచె వైపు నుంచి గోదావరి పిల్ల ఫోన్ లైటు వేసి చూసింది. "అయ్యబాబోయ్" అంది. నేనూ చూశాను. గూటి నిండా ఈకలు, నూలు పోగులు, మా థర్మాకోల్ పొట్టు. వాటి మధ్య పసుప్పచ్చని నోళ్లు. అన్నీ తెరిచి ఉన్నాయి. అన్నీ నన్నే అడుగుతున్నట్టున్నాయి.

పిచ్చుక పిల్లలు. నా బియ్యం తిని, నా కళ్ల ముందు, మా యజమాని కట్టిన మెక్సికో గూట్లో కాపురం పెట్టేశాయి.

అందరూ ఒకేసారి నా వైపు చూశారు.

యజమాని చెడ్డవాడు కాదు. కానీ ఈ దేశంలో పిచ్చుక అంటే ఎవరికీ లెక్క లేదు. బయటి నుంచి వచ్చి పెరిగిపోయిన పిట్ట కదా. "ఒక అట్టపెట్టెలో దూది వేసి పెడదాం" అన్నాడు. "తల్లి వస్తే వస్తుంది."

"రాదు" అంది సమోవా ఆమె.

నాకు తెలిసిన ఇంగ్లీషు సరిపోలేదు. గోదావరి పిల్ల చెయ్యి పట్టుకున్నాను.

"ఆయనకు చెప్పు బిడ్డా. మా దిక్కు ఇంట్ల దేవుని పటం ఎనక పిచ్చుక గూడు పెడితే, పిల్లలు ఎగిరిపోయేదాక ఆ పటం తుడువం. దేవుని మీద దుమ్ము పడ్డా సరే. గంతే చెప్పు."

తను చెప్పింది. యజమాని టోపీ తీసి నెత్తి రుద్దుకున్నాడు.

"సరే ఆంటీ. గూడు ఇక్కడే ఉంచుతాం. మరి గూడు లేని చెట్టును లారీ ఎక్కిస్తే ఏమవుతుంది? ఆర్డరు వెనక్కి. ఆర్డరు వెనక్కి వస్తే నువ్వు, నేను, అందరం ఇంటికి. ఇంకో గూడు కడదామంటే గడ్డి ఏది? కోసి ఆరబెట్టేసరికి క్రిస్మస్ వస్తుంది."

ఆయన కోపంగా అనలేదు. అదే ఎక్కువ బాధ. ఆ ఖాళీ స్టూలు నా కళ్ల ముందే బల్ల దగ్గరి నుంచి లేచి, గేటు దాటి, టౌరంగా దాకా నడిచి వెళ్లిపోతున్నట్టు అనిపించింది. ఏం చెయ్యాలో తెలియక, చేతిలో ఉన్నదాన్ని చూశాను. పొద్దున్నుంచి ఊడుస్తున్న పొరక.

తిప్పి చూశాను. కట్టు విప్పాను.

"ఆంటీ! మీ చీపురు!" అంది గోదావరి పిల్ల.

"అలమరల రెండు కొత్తయి ఉన్నయి. ఉరుకు."

గడ్డి దొరికింది. మెత్తటిది, పొడుగుది, మెక్సికో ఎండలో కాలినట్టు లేత గోధుమ రంగుది. కానీ నిలబడటానికి లోపల గట్టి పుల్లలు కావాలి, కోడి తీగ అయిపోయింది. సమోవా ఆమె తన వ్యానులోకి వెళ్లి, చర్చి హాలు ఊడ్చే కొబ్బరి ఈనెల పొరక తెచ్చి బల్ల మీద పెట్టింది.

"పాస్టరు అడిగితే ఆంటీ పేరు చెప్తా" అంది.

నేను అట్ట మీద కూర్చున్నాను. చాట ఒళ్లో పెట్టుకున్నాను. ఈనెలను వంచి, కలిసిన ప్రతి చోటా దారం చుట్టి, కొసను గోటితో లోపలికి తోశాను. గోదావరి పిల్ల గడ్డిని చిన్న చిన్న కట్టలుగా చేసి అందించింది. "మీ వేళ్లు కనిపించట్లేదండి ఆంటీ" అంది. ఎన్నో ఏళ్ల తర్వాత నా వేళ్లకు పాత వేగం వచ్చింది. కట్ట మీద కట్ట, వరస మీద వరస. మంట అంటుకోని మందు కొట్టి ఫ్యాన్ కింద ఆరబెట్టాలి, ఆ లోపు లారీ వస్తుంది. అందుకే ఎవరూ టీకి కూడా లేవలేదు.

సగం అయిందో లేదో గేటు దగ్గర కారు ఆగింది. మేడమ్ ముందే వచ్చేసింది.

మా యజమానికి నటన రాదు. ఎదురెళ్లి, ఎప్పుడూ లేనిది, "మీ ప్రయాణం ఎలా ఉంది, రోడ్డు ఎలా ఉంది, టీ తాగుతారా, కేకు తింటారా" అని మొదలుపెట్టాడు. షెడ్డులో కేకు లేదు. వెనక తలుపుకు అడ్డంగా చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"చెట్టు ఎక్కడ?"

"వెనక. ఇప్పుడే చూడకండి. గాలి... గాలి వస్తోంది."

సరిగ్గా అప్పుడే ఒక పిచ్చుక, ముక్కున పెద్ద పురుగు కరుచుకుని, ముందు తలుపులోంచి దూసుకొచ్చి, మేడమ్ చెవి పక్క నుంచి, యజమాని నెత్తి మీదుగా వెనక్కి పోయింది. దాని వెనకే గుంపుగా అరుపులు వినిపించాయి. మేడమ్ యజమానిని ఒక కుర్చీలా పక్కకు జరిపి వెళ్లింది.

మేమూ వెనకే వెళ్లాం. ఆమె నిచ్చెనెక్కి, గూటి లోపలికి చూసి, చాలాసేపు అలాగే ఉంది. నేను చీర కొంగు వేలికి చుట్టుకుంటున్నాను. దిగింది.

"దీన్ని ఎవరు కట్టారు?"

"నేనే" అన్నాడు యజమాని, నేరం ఒప్పుకున్నట్టు.

"దీనికి నేను కూడా ఇంతకంటే మంచి సర్టిఫికెట్ ఇవ్వలేను. పక్షి నమ్మింది." అప్పుడు ఆమె మొహంలో మొదటిసారి నవ్వు చూశాను. నవ్వు వెంటనే పోయింది. "కానీ దీన్ని తీసుకుపోలేం కదా. నాకు గూడు కావాలి. సాయంత్రానికి. పిల్లలు వస్తున్నారు, హాలు తెరుస్తున్నారు. గూడు లేకపోతే నేను సంతకం పెట్టను."

నన్ను ఎవరూ పిలవలేదు. నేనే పోయి చాట తెచ్చి ఆమె ముందు పెట్టాను, సగం కట్టిన గూడుతో సహా.

ఆమె అటూ ఇటూ తిప్పింది. వాసన చూసింది. "ఏంటిది?"

"పొరకలు" అన్నాను తెలుగులోనే. గోదావరి పిల్ల ఇంగ్లీషులో చెప్పింది.

"కొత్తవేనా?"

"రెండు కొత్తవి. ఒకటి వాడింది" అంది సమోవా ఆమె. "దుమ్ము ఉచితం."

మేడమ్ గూటిని ఇంకోసారి తిప్పింది. తల అడ్డంగా ఊపింది.

"గడ్డి బాగుంది, ఆకారం బాగుంది. పనికిరాదు."

నేను చాట వెనక్కి తీసుకోబోయాను.

"మరీ అందంగా ఉంది. ఈ ముడులు చూడండి. అన్నీ ఒకేలాగా, ఒకే దూరంలో. ఇది పక్షి కట్టింది కాదు, మనిషి కట్టింది. మా పిల్లలు చూడగానే చెప్పేస్తారు. దీన్ని కొంచెం పాడు చెయ్యండి."

గోదావరి పిల్ల నాకు చెప్పి, నా మొహం చూసి నవ్వు ఆపుకుంది. మీకు ఇది చిన్న విషయంగా కనిపించవచ్చు. బీడీ కంపెనీ గుమాస్తా మా కట్టలు విప్పి, వంకరగా ఉన్నవి, దారం వదులైనవి ఏరి పారేసేవాడు. ఏరేసినవాటికి కూలి లేదు. చిన్నప్పటి నుంచి నా చేతులు నేర్చుకున్నది ఒక్కటే, ఏరివేతకు అందకుండా చుట్టడం. ఇప్పుడు ఈమె వచ్చి పాడు చెయ్యమంటోంది. ఒక ముడి లాగాను. రాలేదు. నేను వేసిన ముడి కదా. ఇంకోటి లాగి, రెండు గడ్డి పోచలు బయటికి తీశాను. తీసిన చెయ్యి దానంతట అదే వాటిని సరిచేసి లోపలికి దూర్చేసింది.

"ఆంటీ మళ్లీ సర్దేస్తోంది!" అని అరిచింది సమోవా ఆమె. "పొద్దున్నే లేచిన నీ మనవరాలి జుట్టు గుర్తు తెచ్చుకో!"

"నా వల్ల కాదు" అన్నాను. "బిడ్డా, అందరిని రమ్మను. తలా ఒక చెయ్యి ఏస్తే గాని ఇది పాడుగాదు."

వచ్చారు. యజమాని పెద్ద వేళ్లతో గడ్డి కూరితే ఒక పక్క ఉబ్బింది. సమోవా ఆమె ఈనెలు విరిచి అడ్డదిడ్డంగా గుచ్చింది. గోదావరి పిల్ల గోళ్లు పాడవుతాయని రెండు వేళ్లతో పట్టుకుని ఒక్కొక్క పోచ వేలాడదీసింది. ఆఖరికి మేడమ్ కోటు విప్పి, చేతులు పైకి మడిచి, దారిని కాస్త కిందికి లాగి ఈకలు దూర్చింది. నేను మాత్రం చాటను గట్టిగా పట్టుకుని, కళ్లు పక్కకు తిప్పుకుని కూర్చున్నాను. మధ్యలో ఒకసారి చూసి, ఓర్చుకోలేక, నా చేతికి అందిన నాలుగు ముడులు కత్తిరించేశాను. ఒకసారి మొదలుపెట్టాక బాగానే ఉంది. ఇంకో నాలుగు కత్తిరించాను.

"చాలు, చాలు ఆంటీ!" అన్నారు అందరూ.

మేడమ్ వెనక్కి జరిగి చూసింది. "ఇప్పుడు ఇది ఆ పక్షుల గూడు" అంది. "ఒక్కరు కట్టినట్టు లేదు. ఇంటిల్లిపాదీ కట్టినట్టుంది. అవి కట్టేదీ అలాగే."

సమోవా ఆమె గూటికి దుమ్ము రంగు చిమ్మడానికి చిన్న బ్రష్‌లు సరిపోక, ఆ పొడుగు కర్ర ప్లాస్టిక్ బ్రష్‌నే రంగులో ముంచి విదిలించింది. దానికి అదే సరైన పని అనిపించింది. మందు కొట్టారు, ఫ్యాన్ పెట్టారు. లారీ వచ్చేసరికి ఆరింది. పాత గూటిని చెట్టు నుంచి మెల్లగా విప్పి, అదే ఎత్తులో, అదే కంచె వైపు తిప్పి, షెడ్డు గుంజకు కట్టాడు యజమాని. తల్లి పిచ్చుక రేకు మీద కూర్చుని తిడుతూనే ఉంది. కాసేపటికి దిగి లోపలికి వెళ్లింది. అప్పుడు గాని మేమెవరం కదల్లేదు.

చెట్టుకు కొత్త గూడు బిగించారు. మేడమ్ సంతకం పెట్టింది. లారీ గేటు దాటింది. ఐదు పక్షులూ, నేను చుట్టిన కాళ్లూ, మా పొరకలూ, చర్చి పొరకా కలిసి వెళ్లిపోయాయి.

అందరూ ఒకరి వీపు ఒకరు తట్టుకున్నారు. యజమాని అందరికీ చేపలూ చిప్సూ తెప్పించాడు. నాకు చిప్సు మాత్రమే అని ఆయనకు గుర్తుంది. కానీ స్టూలు సంగతి ఎత్తలేదు. నేనూ అడగలేదు. వెళ్లేటప్పుడు ఆయన అన్నది ఒక్కటే: "మంచి పని ఆంటీ. ఇక్కడంతా గడ్డే గడ్డి, రేపు ఊడ్చేద్దువు గాని."

ఇంటికి వెళ్తూ బస్సులో ఆ మాటే అటూ ఇటూ తిప్పుకున్నాను. ఊడ్చేద్దువు గాని. అంటే అంతే కదా.

ఈ కథ విన్న, కొత్తగా ఉద్యోగాల్లో చేరిన పిల్లలు కొందరు నన్ను అడుగుతుంటారు, అడగనిదే ఎవరైనా ఇస్తారా ఆంటీ అని. నాకు తెలియదు. అడగడం మంచిదే అనుకుంటాను. నాకు ఆ రోజు నోరు రాలేదు, అంతే.

మర్నాడు పొద్దున ఎప్పటిలాగే అందరికంటే ముందు వెళ్లాను. తాళం తీశాను. వెనక షెడ్డులోకి వెళ్లి బియ్యం చల్లాను. గూట్లోంచి నోళ్లన్నీ నిన్నటిలాగే మోగుతున్నాయి. లోపలికి వచ్చి లైటు వేసి చూస్తే నేలంతా గడ్డి, ఈనె ముక్కలు, ఈకలు. చెయ్యి అలవాటుగా మూలకు వెళ్లింది. మూల ఖాళీ. అలమర తెరిచాను. ఖాళీ. ప్లాస్టిక్ బ్రష్ రంగు పట్టి రాయిలా బిగుసుకుపోయి ఉంది. ఊడ్చేదాన్నే, కానీ ఆ షెడ్డులో ఊడ్చడానికి ఒక్క పుల్ల కూడా మిగల్లేదు.

కాసేపు నిలబడ్డాను. తర్వాత ఖాళీ స్టూలును జరిపాను. ఈసారి కింద ఊడ్చలేదు. చాట తీసుకుని దాని మీద కూర్చున్నాను.

యజమాని వచ్చాడు. గంబూట్ల కింద గడ్డి చిటపటలాడింది. నేలను చూశాడు, మూలను చూశాడు, స్టూలు మీదున్న నన్ను చూశాడు.

"ఆంటీ, పొరక ఏది?"

"లారీల పోయింది బాస్."

ఆయన టీ కెటిల్ పెట్టాడు. తర్వాత ఒక అట్టముక్క చింపి, నడుము పట్టుకుంటూ వంగి, దాంతోనే గడ్డిని ఒక పక్కకు నెట్టుకున్నాడు. గోదావరి పిల్ల వచ్చి, కొత్త పని కార్డు నా ముందు పెట్టింది. రాతల పక్కన పెన్సిలుతో జిగురు డబ్బా బొమ్మ గీసి ఉంది, దాని పక్కన ఫ్యాన్ బొమ్మ. ఎప్పుడు గీసిందో.

నేను తీగ తీసుకుని మొదటి కాలుకు దారం చుట్టడం మొదలుపెట్టాను.